న్యాయపీఠానికి వన్నె తెచ్చిన కోకా సుబ్బారావు

ప్రజాస్వామ్యం అనగానే మనకు ముందుగా స్ఫురించేవి ఎన్నికలు, శాసనసభలు, మంత్రివర్గాలు. న్యాయస్థానం మాత్రం ఎక్కడో దూరాన ఉన్నట్లు తోస్తుంది. సంగారెడ్డి, పటాన్‌చెరు ప్రాంతవాసులమైన మనకు ఈ భావం తగదు. పరిశ్రమల వ్యర్థజలాలు నక్కవాగులో కలిసి పొలాలూ బావులూ పాడైనపుడు, ఇక్కడి రైతుల గోడు 1990లో రిట్ పిటిషన్ రూపంలో సుప్రీంకోర్టుకు చేరింది. ప్రాథమిక హక్కుల రక్షణకై నేరుగా ఆ ద్వారం తట్టవచ్చునని రాజ్యాంగంలోని 32వ అధికరణం చెప్పినందువల్లనే అది సాధ్యమైంది. అయితే ద్వారం తట్టే హక్కు ఉన్నంత మాత్రాన చాలదు. లోపల ఆసీనులైనవారు ఎవరికీ జంకనివారై ఉండాలి. అట్టి న్యాయమూర్తులలో అగ్రగణ్యులైన కోకా సుబ్బారావు గారి జీవితాన్ని మన విద్యార్థి సోదరీసోదరుల ముందుంచడమే మా ఉద్దేశం.

సుబ్బారావు గారు 1902 జూలై 15వ తేదీన రాజమహేంద్రవరంలో జన్మించారు. తండ్రి న్యాయవాది. రాజమహేంద్రవరం ప్రభుత్వ కళాశాలలోను, మద్రాసు లా కళాశాలలోను విద్యాభ్యాసం ముగించి, మద్రాసులో న్యాయవాద వృత్తి చేపట్టారు. బావమరిది పి.వి. రాజమన్నారు గారితో కలిసి పనిచేసి పేరు గడించారు. ఆ రాజమన్నారు గారే తదుపరి మద్రాసు హైకోర్టు ప్రధాన న్యాయమూర్తి అయ్యారు. సుబ్బారావు గారు కూడ 1948లో అదే హైకోర్టులో న్యాయమూర్తిగా నియుక్తులయ్యారు.

ఆంధ్రరాష్ట్రం అవతరించిన పిదప రాజధాని కర్నూలులోను, హైకోర్టు గుంటూరులోను ఏర్పడినవి. 1954 జూలైలో గుంటూరు హైకోర్టుకు తొలి ప్రధాన న్యాయమూర్తి అయినవారు సుబ్బారావు గారే. 1956 నవంబరులో ఆంధ్రప్రదేశ్ ఏర్పడగా ఆయన హైదరాబాదుకు వచ్చి, మూసీ తీరాన ఉన్న హైకోర్టు భవనంలో ప్రధాన న్యాయపీఠం అధిష్ఠించారు. ఉర్దూ భాషలో తీర్పులు వెలువడిన మందిరమది. మీర్ ఉస్మాన్ అలీఖాన్ పాలనలో 1921లోనే హైదరాబాదు సంస్థానం న్యాయశాఖను కార్యనిర్వాహక శాఖ నుండి వేరు చేసింది. పన్ను వసూలు చేసే అధికారియే తీర్పు చెప్పే పద్ధతికి స్వస్తి పలికిన ఆ సంప్రదాయం మన గడ్డకు గర్వకారణం. రాజరికంలో పడిన ఆ బీజం రాజ్యాంగ పాలనలో ఎట్లు ఫలించిందో సుబ్బారావు గారి తరువాతి జీవితం చూపుతుంది.

1958 జనవరి 31వ తేదీన ఆయన సుప్రీంకోర్టు న్యాయమూర్తి అయ్యారు. తోటి న్యాయమూర్తులతో ఏకీభవించలేని చోట విడిగా తీర్పు వ్రాయడానికి ఆయన ఎన్నడూ వెనుదీయలేదు. 1962 డిసెంబరులో ఖరక్ సింగ్ కేసు వచ్చింది. బందిపోటు నేరారోపణపై పట్టుబడి, సాక్ష్యం లేక విడుదలైన ఒక మనిషిపై ఉత్తరప్రదేశ్ పోలీసులు నిఘా వేసి, రాత్రివేళ ఇంటి తలుపు తడుతూ వచ్చారు. ఈ రాత్రి సోదాలు మాత్రమే చెల్లవనీ, తక్కిన నిఘా చెల్లుననీ అధిక సంఖ్యాకులు తేల్చారు. సుబ్బారావు గారు, జస్టిస్ షా గారు మాత్రం ఆ నిఘా యావత్తూ రాజ్యాంగ విరుద్ధమన్నారు. పౌరుని ఏకాంతం అతని స్వేచ్ఛలో అంతర్భాగమని సుబ్బారావు గారి వాదం.

1963లో వచ్చిన దేవదాసన్ కేసులో ఆయన పూర్తిగా ఒంటరి. వెనుకబడిన వర్గాలకు కేటాయించి, ఆ యేడు భర్తీ కాని ఉద్యోగాలను మరుసటి సంవత్సరానికి చేర్చే నియమాన్ని నలుగురు న్యాయమూర్తులు కొట్టివేశారు. సుబ్బారావు గారు ఒప్పుకోలేదు. మేలుజాతి గుర్రాన్ని, సామాన్యమైన గుర్రాన్ని ఒకే పందెంలో నిలిపి సమానావకాశం ఇచ్చామనుకోవడం న్యాయం కాదని ఆయన అభిప్రాయం. ఆయన దృష్టిలో రిజర్వేషన్ సమానత్వానికి మినహాయింపు కాదు, సమానత్వాన్ని సాధించే మార్గం.

1966 జూన్ 30వ తేదీన ఆయన భారత ప్రధాన న్యాయమూర్తి అయ్యారు. ఆ పదవి నలంకరించిన తొలి తెలుగువారు ఆయనే. మరొక తెలుగువారు, జస్టిస్ ఎన్.వి. రమణ గారు, ఆ పీఠం చేరడానికి 2021 వరకు వేచియుండవలసి వచ్చింది.

1967 ఫిబ్రవరి 27వ తేదీన వెలువడిన గోలక్‌నాథ్ తీర్పు సుబ్బారావు గారి పేరును దేశమంతటా మారుమ్రోగించింది. పంజాబు భూపరిమితి చట్టంపై వచ్చిన ఆ వ్యాజ్యాన్ని పదకొండు మంది న్యాయమూర్తులు విచారించారు. పార్లమెంటు రాజ్యాంగాన్ని సవరించి కూడ ప్రాథమిక హక్కులను హరింపజాలదని ఆరుగురు, హరింపవచ్చునని ఐదుగురు అన్నారు. ఆ ఆరుగురిలో వేరుగా తీర్పు వ్రాసి సమర్థించినవారు జస్టిస్ హిదయతుల్లా గారు. మరుసటి సంవత్సరం ఆయనే దేశానికి తొలి ముస్లిం ప్రధాన న్యాయమూర్తి అయ్యారు.

ఈ తీర్పు భూసంస్కరణలకు అడ్డుగోడ అని విమర్శించినవారు ఎందరో కలరు. ఆ విమర్శలో కొంత నిజం లేకపోలేదు. అయితే గత సవరణలను రద్దు చేయక, తీర్పు ఇకముందుకే వర్తించునని నిర్ణయించి, అప్పటికి జరిగిన భూపంపిణీ తలక్రిందులు కాకుండ సుబ్బారావు గారు జాగ్రత్తపడ్డారు.

ఇక్కడ మేము ఒక విషయం దాచదలచలేదు. పదవీకాలం ఇంకను మూడు మాసాలుండగానే, 1967 ఏప్రిల్ 11వ తేదీన ఆయన రాజీనామా చేసి, ప్రతిపక్షాల అభ్యర్థిగా రాష్ట్రపతి పదవికి పోటీ చేశారు. ఎదుట నిలిచినవారు హైదరాబాదులో జన్మించిన విద్యావేత్త డాక్టర్ జాకీర్ హుస్సేన్ గారు. జాకీర్ హుస్సేన్ గారికి 4,71,244 ఓట్లు, సుబ్బారావు గారికి 3,63,971 ఓట్లు లభించినవి. ఓటమి తప్పు కాదు. న్యాయపీఠం దిగిన వెంటనే రాజకీయ రంగంలోకి అడుగిడడం మాత్రం, ఆయన వెనుకటి తీర్పులను కూడ కొందరు అనుమానించుటకు తావిచ్చింది. న్యాయమూర్తి స్వతంత్రుడై ఉండడంతో పాటు, స్వతంత్రుడని ప్రజలు నమ్మగలగడం కూడ అవసరమని మేము భావిస్తున్నాము.

తరువాతి చరిత్ర ఆయనకు కొన్ని చోట్ల ఎదురు నడిచింది, కొన్ని చోట్ల వెంట నడిచింది. 1973 ఏప్రిల్ 24వ తేదీన కేశవానంద భారతి కేసులో పదముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం గోలక్‌నాథ్ తీర్పును త్రోసిపుచ్చింది. అయినను రాజ్యాంగ మౌలిక స్వరూపాన్ని పార్లమెంటు మార్చజాలదని చెప్పి, ఆయన ఆందోళనను మరొక రూపంలో అంగీకరించింది. వెంటనే ముగ్గురు సీనియర్ న్యాయమూర్తులను కాదని మరొకరిని ప్రధాన న్యాయమూర్తిగా ప్రభుత్వం నియమించింది. అత్యవసర పరిస్థితిలో, 1976 ఏప్రిల్ 28వ తేదీన, నిర్బంధితులు తమ విడుదలకై కోర్టుకు పోవు హక్కు లేదని సుప్రీంకోర్టే తీర్పు చెప్పింది. ఒక్క జస్టిస్ ఖన్నా గారు మాత్రమే ఏకీభవించలేదు. మరి ఎనిమిది దినాలకే, మే 6వ తేదీన, సుబ్బారావు గారు కన్నుమూశారు.

దేవదాసన్ కేసులో ఆయన ఒంటరిగా చెప్పిన సిద్ధాంతాన్ని 1992లో మండల్ కేసు తీర్పు ఆమోదించింది. ఖరక్ సింగ్ కేసులో ఆయన చెప్పిన ఏకాంత హక్కును 2017 ఆగస్టు 24వ తేదీన తొమ్మిదిమంది న్యాయమూర్తులు ఏకగ్రీవంగా అంగీకరించారు. అదే తీర్పులో 1976 నాటి తీర్పు కూడ రద్దయింది.

శాసనసభలో సంఖ్యాబలం ముఖ్యం, ఉండవలసినదే. న్యాయస్థానంలో మాత్రం అల్పసంఖ్యలో ఉన్న అభిప్రాయం కూడ కారణాలతో సహా గ్రంథస్థమై, రానున్న తరానికై నిలిచి ఉంటుంది. అల్పసంఖ్యాక విద్యాసంస్థలో చదువుతున్న మన విద్యార్థులకు ఈ సత్యం వేరుగా చెప్పనక్కరలేదు. మీలో కొందరు న్యాయవాదులు, న్యాయమూర్తులు కావచ్చును. పదిమందిలో ఒంటరిగా నిలువవలసిన దినం వచ్చినపుడు, సుబ్బారావు గారిని స్మరించి, మీ కారణాలను జంకులేక వ్రాసిపెట్టుదురని మా ఆకాంక్ష.