వాడ మనుషులతోనే వాడ కథ చెప్పించిన సారా గోమెజ్

అణగారిన జాతిలో పుట్టిన స్త్రీ చేతికి కెమెరా వస్తే చరిత్ర ఎట్లా కనిపిస్తుంది? ఈ ప్రశ్నకు జవాబు వెతికినప్పుడల్లా మాకు క్యూబా దర్శకురాలు సారా గోమెజ్ గుర్తుకొస్తుంది. ఆమె బతికింది 31 ఏళ్లే. తీసినవాటిలో ఎక్కువ భాగం చిన్న డాక్యుమెంటరీలే. అయినా కులం, జెండర్ మీద పని చేస్తున్న మనం ఆమె దగ్గర నేర్చుకోవలసింది చాలా ఉంది.

సారా 1942లో పుట్టింది. హవానా పక్కనున్న గ్వానబకోవాలో వాళ్లది సంగీతకారులున్న, చదువుకున్న నల్లజాతి కుటుంబం. పియానో నేర్చుకుంది, పత్రికల్లో రాసింది. 1959 విప్లవం తర్వాత ఏర్పడిన ప్రభుత్వ సినిమా సంస్థలో 1961లో చేరింది. ఆ సంస్థలో నల్లజాతి దర్శకులు వేళ్ల మీద లెక్కపెట్టేంత మందే. వాళ్లలో స్త్రీ ఆమె ఒక్కతే.

1966లో తన కుటుంబం మీదే డాక్యుమెంటరీ తీసింది. పాత ఫొటోలు, పెద్దవాళ్ల జ్ఞాపకాలు అందులో ఉన్నాయి. కానీ అది ఇంటి గొప్పలు చెప్పుకునే సినిమా కాదు. కాస్త ఎదిగిన నల్లవాళ్లు తమకంటే పేద నల్లవాళ్లను దూరం పెట్టి నడిపిన క్లబ్బులనూ ప్రశ్నించింది. మెట్ల మెట్ల అసమానత గురించి అంబేద్కర్‌ను చదివిన మనకు ఆ ప్రశ్న కొత్తేమీ కాదు. సొంత ఇంటి గడపలో నిలబడి అడగడమే కష్టం.

1968లో పీనోస్ దీవికి వెళ్లి అక్కడి యువతను చిత్రించింది. ఒపేరా గాయకుడు కావాలనుకున్న నల్ల యువకుడు, తెల్ల గాయనులు తనతో కలిసి పాడడానికి వెనకాడిన సంగతి ఆమెతో పంచుకుంటాడు. విప్లవం వచ్చినంత మాత్రాన వర్ణవివక్ష పోలేదని ఆ సంభాషణ నెమ్మదిగానే తేల్చేస్తుంది. 1972లో తీసిన 'మి అపోర్తె'లో శ్రామిక స్త్రీల మాటలు వినిపించింది. ఫ్యాక్టరీలో పని చేసి వచ్చాక వంట, పిల్లలు మళ్లీ ఎవరి మీద పడుతున్నాయని నిలదీసింది. ఆ చిత్రాన్ని అప్పట్లో జనంలోకి రానివ్వలేదు.

ఆమె ఏకైక పూర్తి నిడివి చిత్రం 'దే సియెర్తా మనేరా'. క్యూబాలో పూర్తి నిడివి చిత్రానికి దర్శకత్వం వహించిన మొదటి స్త్రీ సారాయే. లాస్ యాగ్వాస్ మురికివాడను కూల్చి, జనానికి కొత్త కాలనీ కట్టిన నేపథ్యంలో ఒక టీచరుకూ, ఒక కార్మికుడికీ మధ్య ప్రేమను చెప్పింది. నటులతో పాటు అక్కడి మనుషులే తమ పాత్రల్లో కనిపిస్తారు. గుడిసెలు కూలినంత తేలిగ్గా మగ అహంకారం కూలదని ఆ సినిమా చూపిస్తుంది.

ఆ సినిమా పూర్తి కాకముందే, 1974 జూన్ 2న ఉబ్బసంతో సారా చనిపోయింది. తోమాస్ గుతియెర్రెస్ అలెయా, హూలియో గార్సియా ఎస్పినోసా మిగిలిన పని పూర్తి చేశారు. 1977లో అది విడుదలైంది. ఆమె పోయిన మరుసటి ఏడాదే, ఇంటిపనిలో భార్యాభర్తలకు సమాన బాధ్యత ఉండాలని క్యూబా చట్టం చేసింది.

సారా తాను నమ్మిన విప్లవాన్ని వదులుకోలేదు, దాని తప్పులను దాచిపెట్టనూ లేదు. ఉద్యమంలో ఉన్న మనం కూడా మన వాడల్లో, మన సంఘాల్లో, మన ఇళ్లలో ఆడవాళ్లు ఏం చెబుతున్నారో రికార్డు చేయాలి. మనకు నచ్చనివి చెప్పినప్పుడు కూడా కెమెరా ఆపకూడదు.