సర్ ఎడ్వర్డ్ హెన్రీ

ఒకని వేలిముద్ర మరియొకని ముద్రను పోలియుండదని చెప్పుట సులభము. కాని వేలకొలది కాగితములలో ఒక్క మనిషి ముద్రలున్న కాగితమును వెదకి తీయుట ఎట్లు? ఈ చిక్కును విప్పిన కీర్తి సర్ ఎడ్వర్డ్ రిచర్డ్ హెన్రీకి దక్కినది.

ఆయన 1850లో లండను నగరమున ఒక వైద్యుని యింట జన్మించెను. 1873లో ఇండియన్ సివిల్ సర్వీసున చేరి వంగదేశమునకు వచ్చెను. 1891లో అచ్చటి పోలీసు శాఖకు ఇన్‌స్పెక్టరు జనరల్ అయ్యెను. పాత నేరస్థులను గుర్తించుటకై హెన్రీ మొదట ఫ్రాన్సు దేశీయుడగు బెర్టిలాన్ పద్ధతిని అవలంబించి, వారి అవయవములను కొలిపించెను. అయితే కొలుచువాని చేతిని బట్టి కొలత మారుచుండెను. వేలిముద్రకు ఆ దోషము లేదు. వంగదేశముననే విలియం హెర్షెల్ 1858లో ఒప్పందపత్రముపై కంట్రాక్టరు చేతిముద్ర వేయించియుండెను. 1892లో గాల్టన్ వేలిముద్రలపై గ్రంథము ప్రకటించెను. అయినను ముద్రలను వరుసగా పేర్చు ఉపాయము కుదురలేదు.

ఆ పనికి హెన్రీ తన కార్యాలయమున ఇద్దరు భారతీయులను నియోగించెను. ఒకడు ప్రెసిడెన్సీ కళాశాలలో గణితము చదివిన సబ్ ఇన్‌స్పెక్టరు అజీజుల్ హక్. రెండవవాడు హేమచంద్ర బోసు. వారి శ్రమవలన తేలిన లెక్క ఇట్టిది. పదివేళ్లను అయిదు జతలు చేయవలెను. మన సాముద్రికులు చక్రమని పిలుచు సుడి ప్రతి వేలియందు ఉండవచ్చును, లేకపోవచ్చును. కనుక ఒక్కొక్క జతకు నాలుగు స్థితులు. నాలుగును అయిదుమారులు హెచ్చించినచో 1024 వచ్చును. జతలకు వరుసగా 16, 8, 4, 2, 1 విలువలిచ్చి, సుడులున్న వేళ్ల విలువలను కూడి భిన్నముగా వ్రాయుదురు. పైనను క్రిందను ఒకటి చేర్చుదురు. ఏ వేలను సుడి లేనివానికి 1/1, పదివేళ్లను సుడులున్నవానికి 32/32. ఆ భిన్నమే బీరువాలో ఏ గడిని వెదకవలెనో చెప్పును.

1897లో కలకత్తాలో వేలిముద్రల కార్యాలయము వెలసెను. జల్పాయిగురి తేయాకు తోటలో హత్య జరుగగా, పంచాంగముపై పడిన నెత్తుటి వ్రేలిగుర్తు పూర్వము శిక్షపడిన సేవకునిదని తేలెను. న్యాయస్థానము వానిని దొంగతనమునకు శిక్షించెను గాని, హత్యకు ఆ సాక్ష్యము చాలదనెను. గుర్తు మనిషిని చూపును. చేసిన పనిని పూర్తిగా చూపదని ఆనాడే తేటపడినది.

1900లో హెన్రీ గ్రంథము వెలువడెను. 1901లో ఆయన లండను పోలీసు శాఖకు వెళ్లి వేలిముద్రల విభాగమును స్థాపించెను, 1903లో కమీషనరయ్యెను. 1912లో, లైసెన్సు నిరాకరింపబడిన ఒకడు ఆయనను తుపాకితో కాల్చగా, గాయపడియు వానిపై దయ చూపుమని హెన్రీ న్యాయస్థానమును కోరెను. 1918లో పోలీసుల సమ్మె కారణమున పదవి వీడి, 1931లో గతించెను.

లోకమంతట ఆ లెక్క హెన్రీ పద్ధతియనియే వ్యాపించెను. తన సిబ్బందిలో హక్ అందరికంటె ఎక్కువ తోడ్పడెనని హెన్రీ 1926లో ఒక లేఖలో అంగీకరించెను. హక్ ఖాన్ బహదూరు, బోసు రాయ్ బహదూరు బిరుదములను పొందిరి. కాని పద్ధతికి వారి పేర్లు చేరలేదు. క్రింది ఉద్యోగుల బుద్ధిని గుర్తించి పనికి తెచ్చుట హెన్రీ గొప్పతనము. వారి పేర్లను వెంటనే లోకమునకు చాటకపోవుట ఆయన కీర్తికి కొరత. వ్యక్తులను తప్పక గుర్తించుటకై పుట్టిన శాస్త్రము, తన్ను కన్నవారిని గుర్తించుటకు ఇంత జాగు చేసెను. హెన్రీ చరిత్రను బోధించునపుడు ఆ ఇద్దరి పేర్లను గూడ పలుకుట ఉపాధ్యాయులకు ధర్మము.