నృత్యమే నివేదనగా – శ్రీ సిద్ధేంద్ర యోగి చరిత్ర



దేవతార్చనలో షోడశోపచారాలు ముగిసిన పిమ్మట రాజోపచారాలు సమర్పించడం సంప్రదాయం. ఛత్రం, చామరం, గీతం, వాద్యం, నృత్యం అందులో ముఖ్యమైనవి. ఛత్రచామరాలు ఆలయాలలో ఉన్నవి. నాదస్వరం, డోలు ఉత్సవాలలో వినిపిస్తున్నవి. నృత్యం వంతు వచ్చేసరికి మాత్రం నేడు అనేక ఆలయాలలో అర్చకుడు ఆ ఉపచారం పేరు ఉచ్చరించి, నృత్యానికి బదులుగా స్వామి పాదాల చెంత అక్షతలు ఉంచి నమస్కరిస్తున్నాడు. ద్రవ్యం లభించనిచోట అక్షతలు సమర్పించడం ఆచారసమ్మతమే. అయినా ఒక ఉపచారం మాటగా మిగిలి, క్రియగా తొలగిపోవడం ఆలోచింపదగిన విషయం. అట్లు తొలగిపోకుండా నృత్యాన్ని ఒక గ్రామానికంతటికీ వంశపారంపర్య వ్రతంగా నియమించిన మహనీయులు తెలుగునాట వెలసినారు. వారే శ్రీ సిద్ధేంద్ర యోగి. ఆలయ జీర్ణోద్ధరణ, కుంభాభిషేకం జరుగుతున్న ఈ శుభతరుణంలో వారి చరిత్రను స్మరించుకొనడం సముచితమని భావించి ఈ నాలుగు మాటలు మనవి చేస్తున్నాను.

నాట్యానికి వేదమే పుట్టినిల్లు

బ్రహ్మదేవుడు ఋగ్వేదం నుండి పాఠ్యాన్ని, సామవేదం నుండి గీతాన్ని, యజుర్వేదం నుండి అభినయాన్ని, అథర్వణవేదం నుండి రసాన్ని గ్రహించి నాట్యవేదాన్ని నిర్మించినట్లు భరతముని నాట్యశాస్త్రం తెలుపుతున్నది. వేదాధ్యయనం చేసినవారికి ఇది వింతగా తోచదు. సామగానంలోను, శుక్ల యజుర్వేద పఠనంలోను స్వరాన్ని చేతితో చూపడం నేటికీ ఉన్నది. శిల్పానికీ నాట్యానికీ గల సంబంధం కూడా అట్టిదే. నృత్తశాస్త్రం ఎరుగనివానికి చిత్రసూత్రం బోధపడదని విష్ణుధర్మోత్తరంలో మార్కండేయ మహర్షి వజ్ర మహారాజునకు తెలిపినట్లున్నది. ఆలయ స్తంభాల మీద శిల్పులు నాట్యభంగిమలను చెక్కడం కేవలం అలంకారం కొరకు కాదు. స్వామి సన్నిధిలో జరుగవలసిన సేవకు అవి శిలారూపంలోని గుర్తులు.

కూచిపూడి గ్రామం

కృష్ణా జిల్లాలో, మువ్వ గ్రామానికి సమీపంలో కూచిపూడి ఉన్నది. మువ్వ గోపాలుని కొలిచి, పదకవితతో తరించిన క్షేత్రయ్యగారిది ఆ మువ్వయే. కూచిపూడిలో శ్రీ బాలాత్రిపురసుందరీ సమేత రామలింగేశ్వరస్వామి వెలసి ఉన్నారు. ప్రదర్శనకు ముందు అంబను స్తుతించడం అక్కడి భాగవతుల ఆచారం. నటులకు సంస్కృతంలో కుశీలవులని పేరు. కుశీలవపురమే కాలక్రమంలో కూచిపూడి అయినదని కొందరు పెద్దలు వివరిస్తారు. విజయనగర ప్రభువైన వీరనరసింహరాయల కాలంలో కూచిపూడి భాగవతులు సిద్ధవటం సీమ పాలకుడు సమ్మెట గురవరాజు చేస్తున్న దౌర్జన్యాలను ప్రభువు ఎదుట ప్రదర్శించి చూపగా, ప్రభువు అతనిని శిక్షించినట్లు మాచుపల్లి కైఫీయత్తు తెలుపుతున్నది. వినోదం కొరకే గాక, ధర్మం కొరకు కూడా నిలిచిన కళ ఇది.

నది నడుమ చేసిన ప్రతిజ్ఞ

సిద్ధేంద్రుల కాలం గూర్చి పండితులలో 14వ శతాబ్ది మొదలు 17వ శతాబ్ది వరకు భిన్నాభిప్రాయాలున్నవి. శ్రీకృష్ణ లీలాతరంగిణి రచించిన నారాయణ తీర్థుల శిష్యులన్న సంప్రదాయాన్ని బట్టి చూస్తే వారిది 17వ శతాబ్ది అవుతుంది. వారి జీవితం కూచిపూడి కుటుంబాలలో తరతరాలుగా నోటి మాటగా వస్తున్నది. ఆ ఐతిహ్యాన్నే ఇక్కడ వినిపిస్తున్నాను.

వారి చిన్ననాటి పేరు సిద్ధప్ప. పేద బ్రాహ్మణ కుటుంబంలో జన్మించి, పసితనంలోనే తల్లిదండ్రులను కోల్పోయి, ఇతరుల ఆదరణలో పెరిగారు. ఉడుపికి పోయి శాస్త్రాభ్యాసం చేసినట్లు చెబుతారు. నాటి ఆచారం ప్రకారం బాల్యంలోనే వివాహం జరిగింది. అత్తవారి ఊరు నదికి ఆవలి ఒడ్డున ఉన్నది. యుక్తవయస్సు వచ్చిన పిమ్మట భార్యను కాపురానికి తెచ్చుకొనుటకై బయలుదేరి నదిలో దిగారు. నడుమకు చేరేసరికి వరద ముంచుకొని వచ్చింది. ముందుకు సాగడానికి గాని, వెనుకకు మరలడానికి గాని వీలులేని ఆ స్థితిలో శ్రీకృష్ణుని శరణువేడి, ప్రాణాలు నిలిస్తే శేషజీవితం స్వామికే అర్పించగలనని సంకల్పించి ఆపత్సన్న్యాసం స్వీకరించారు. వరద ఉపశమించి ఒడ్డు చేరారు.

ఆపత్సన్న్యాసం గూర్చి ఒక మాట చెప్పవలసి ఉన్నది. ప్రాణాపాయంలో తీసుకొన్న సన్న్యాసం, ఆపద గడచిన తరువాత విడువదగినది కాదు. భయంలో మ్రొక్కిన మ్రొక్కు భయం తీరగానే తేలిక అవుతుంది. ఇది మానవ స్వభావం. ఆ తేలికతనానికి లోబడకపోవడమే సిద్ధేంద్రుల మహత్త్వం. ఒడ్డు చేరినవారు గృహస్థుగా మారక, యతిగానే నిలిచారు. అయితే ఆ వ్రతభారం వారొక్కరి మీదనే పడలేదు. ఆవలి ఒడ్డున భర్త రాకకై ఎదురుచూసిన ఇల్లాలి బ్రతుకు కూడా ఆనాడే మారిపోయింది. తరువాతి కాలంలో వారు వ్రాసిన కలాపంలో సత్యభామ విరహం అంతటి ఆర్ద్రతతో వెలువడటానికి ఇదియు ఒక కారణమేమోనని నాకు తోస్తుంది.

భామాకలాపం

సిద్ధేంద్రులు స్వామికి సమర్పించిన కానుక భామాకలాపం. సత్యభామ సౌందర్యవతి, శ్రీకృష్ణునికి మిక్కిలి ప్రియమైనది, ఆ కారణంగానే గర్వించినది. తెర వెనుక నుండి తన జడను తెరపై వేసి, తనతో సాటిరాగలవారెవరని సభను సవాలు చేస్తూ ఆమె ప్రవేశిస్తుంది. అద్దంలో తమ ప్రతిబింబాలు చూచుకొనే వేళ, అందంలో ఎవరు మిన్న అన్న మాట మీద స్వామితో కలహం కలుగుతుంది. స్వామి అలిగి వెడలిపోతారు. అప్పటి నుండి ఆమె విరహం మొదలవుతుంది. చెలికత్తె మాధవిని బ్రతిమాలుకొని స్వామికి లేఖ వ్రాసి పంపుతుంది. ఆ సాయానికి ప్రతిఫలంగా మాధవి ముక్కుపుడకను కోరితే, ఎంతో ప్రియమైన ఆ నగను కూడా చివరకు విడిచిపెడుతుంది. పిదపనే స్వామి సాక్షాత్కారం.

పైకి ఇది దంపతుల అలుక కథ. లోన చూస్తే జీవాత్మ చరిత్ర. నాది అన్న జడను సభ మీదికి విసిరిన అహంకారం, ముక్కుపుడకను సైతం వదలుకొన్న శరణాగతిగా పరిణమించడం ఇందలి సారం. మాధవి గురుస్థానంలో నిలిచి, జీవుని చేత ఒక్కొక్క మమకారాన్నీ విడిపిస్తుంది. వేదాంతగ్రంథాలు పండితులకు బోధించే విషయాన్నే సిద్ధేంద్రులు తెలుగు దరువులలో, రాత్రివేళ కాగడాల వెలుగులో కూర్చున్న పామరజనులకు అందించారు.

ఊరంతటికీ ఒక నియమం

కలాపం వ్రాయడంతో వారి పని ముగియలేదు. ప్రదర్శించేవారు లేనినాడు గ్రంథం తాళపత్రాలలోనే ఉండిపోతుంది. అందుచేత వారు కూచిపూడి బ్రాహ్మణ బాలురను చేరదీసి, నాట్యం నేర్పి, ఆ కుటుంబాలలో పుట్టిన ప్రతి పురుషుడు జీవితంలో ఒక్కమారైనా సత్యభామ వేషం ధరించి స్వామికి అర్పించవలెనని నియమం చేశారు. వేదాంతం, వెంపటి, చింతా, భాగవతుల, పసుమర్తి, మహంకాళి, ఏలేశ్వరపు మున్నగు ఇంటిపేర్లవారు ఆ నియమాన్ని శిరసావహించారు. గోల్కొండ సుల్తాను అబుల్ హసన్ తానీషా (పాలన 1672–1687) వీరి ప్రదర్శన చూచి, కూచిపూడిని భాగవతుల కుటుంబాలకు అగ్రహారంగా ఇచ్చినట్లు సంప్రదాయం. ఇతర మతస్థుడైన ప్రభువు కూడా ఈ కళను ఆదరించడం స్మరణీయం.

పాండిత్యం, వంశగౌరవం గల పురుషుడు స్త్రీవేషం ధరించి, సభలో విరహంతో కన్నీరు కార్చవలసి రావడం సామాన్యం కాదు. పౌరుషాభిమానం కరగనిదే ఆ వేషం పండదు. స్వామి ఎదుట సర్వజీవులూ స్త్రీప్రాయులే అన్న భక్తిశాస్త్ర భావాన్ని ఆ నియమం ఆచరణలో నిలిపింది.

అడుగులు, అభినయం

నందికేశ్వరుని అభినయదర్పణం తొమ్మిది శిరోభేదాలను, ఎనిమిది దృష్టిభేదాలను, నాలుగు గ్రీవాభేదాలను, ఇరవై ఎనిమిది అసంయుత హస్తాలను చెబుతున్నది. శాస్త్రీయ నృత్యాలకు ఈ శాస్త్రమే ఆధారం. భరతనాట్యంలో అర్ధమండలి స్థితిలో కూర్చొని వేసే అడుగులకు, కోణాల వలె తీర్చిన అంగవిన్యాసానికి ప్రాధాన్యం. కూచిపూడిలో అడుగు తేలికగా, కుదుపుతో, అలవలె సాగుతుంది. చతురశ్రం, తిశ్రం, మిశ్రం, ఖండం, సంకీర్ణం అనే ఐదు జాతులలో అడుగులు అభ్యసించిన పిమ్మటనే శిష్యుడు అభినయానికి అర్హుడవుతాడు. ఆంగిక, వాచిక, ఆహార్య, సాత్త్వికాలు నాలుగింటిలో వాచికానికి కూచిపూడిలో విశేష స్థానమున్నది. వేషధారి తానే మాటలాడుతూ, పాడుతూ నర్తించడం ఇందలి ప్రత్యేకత. ఇత్తడి పళ్ళెం అంచున పాదాలుంచి, తరంగానికి లయబద్ధంగా కదలడం ప్రేక్షకులందరికీ పరిచితమే. ఆ పళ్ళెం మీద నిలిచే శక్తి కాళ్ళలో కంటె ఏకాగ్రతలో ఎక్కువగా ఉన్నదని గుర్తించాలి.

నియమం మారినది, వ్రతం నిలిచినది

ఈ చరిత్రలో దాచదగని విషయం ఒకటున్నది. సిద్ధేంద్రుల నియమంలో స్త్రీలకు చోటు లేదు. అదే సమయంలో గోదావరి తీరాన కళావంతుల కుటుంబాల స్త్రీలు ఆలయాలలో నృత్యసేవ చేస్తూ, భామాకలాపాన్ని కూడా అద్భుతంగా అభినయించేవారు. వారిలో అనేకులు సంఘం వలన అన్యాయానికి గురి అయినారు. 1947లో మద్రాసు రాష్ట్రంలో దేవదాసీ సమర్పణను నిషేధిస్తూ చట్టం వచ్చింది. ఆ అన్యాయం తొలగవలసినదే. కాని దానితో పాటు ఆలయంలో నృత్యోపచారం కూడా మౌనం వహించింది. ఆ స్త్రీలు కాపాడిన విద్యను నటరాజ రామకృష్ణగారు (1923–2011) వెదకి, వారి చేతనే పలికించి, ఆంధ్రనాట్యమన్న పేరుతో లోకానికి చూపారు.

కూచిపూడిలో వేదాంతం లక్ష్మీనారాయణ శాస్త్రిగారు స్త్రీలకు విద్య చెప్పడానికి ముందుకు వచ్చారు. ఆ బాటలో వెంపటి చినసత్యంగారు 1963లో మద్రాసులో కూచిపూడి ఆర్ట్ అకాడమీ స్థాపించి, వందలాది శిష్యురాండ్రను తీర్చారు. మదనపల్లెలో జన్మించిన యామినీ కృష్ణమూర్తిగారు (1940–2024) తిరుమల తిరుపతి దేవస్థానం ఆస్థాన నర్తకిగా గౌరవమందుకొన్నారు. శోభానాయుడుగారు (1956–2020) సత్యభామగా ప్రసిద్ధి పొందారు. మరొకవైపు వేదాంతం సత్యనారాయణ శర్మగారు (1935–2012) పాత నియమాన్ని పాటిస్తూ, సత్యభామ వేషంలో స్త్రీలనే ఆశ్చర్యపరచి, 1970లో పద్మశ్రీ పురస్కారం పొందారు. చలనచిత్రాలకు నృత్యం కూర్చిన పసుమర్తి కృష్ణమూర్తిగారు కూడా కూచిపూడి వారే. ఆధునిక నృత్యమని మనం చూచేదానిలో సైతం ఆ ఊరి అడుగు కనిపిస్తుంది.

ఇట్లు మారినందువలన సిద్ధేంద్రుల నియమానికి భంగం కలిగినదా అని అడిగేవారున్నారు. జీర్ణోద్ధరణనే దృష్టాంతంగా తీసుకొందాం. శిథిలమైన స్తంభాన్ని తొలగించి క్రొత్త స్తంభం నిలిపినప్పుడు, ముందుగా బింబంలోని కళను కలశంలోకి ఆవాహన చేసి బాలాలయంలో పూజిస్తాము. పని పూర్తి అయిన పిమ్మట ఆ కళనే తిరిగి బింబంలో ప్రతిష్ఠిస్తాము. రాయి మారవచ్చు, కళ మారరాదు. సిద్ధేంద్రుల వ్రతానికి కళ సమర్పణభావం. వేషం ధరించేది బాలుడైనా, బాలిక అయినా, ఆ భావం ఉన్నంతవరకు వ్రతం నిలిచినట్లే. అది లేనినాడు పాతవారు ఆడినా అది వేషం మాత్రమే.

దాతలకు, భక్తులకు మనవి

గోపుర, మండపాల కొరకు మీరు సమర్పించిన ధనం, శ్రమ స్వామి సన్నిధికి చేరినవి. రాతి మండపం నిలబడటానికి శిల్పి ఒక్కమారు పని చేస్తే చాలును. నృత్యోపచారం నిలబడటానికి ప్రతి తరంలోను ఒక గురువు, ఒక శిష్యుడు, వారిని పోషించే దాత కావాలి. సిద్ధేంద్రులకు ధనం లేదు, సంతానం లేదు. ఒక మ్రొక్కు, దానిని మరువని మనస్సు మాత్రమే ఉన్నవి. వానితోనే వారు శతాబ్దాల పాటు తరగని సంపదను నిలిపారు. పర్వదినాలలోనైనా మన ఊరి పిల్లలు స్వామి ఎదుట గజ్జెకట్టేటట్లు పెద్దలు ఏర్పాటు చేస్తే, పునరుద్ధరించిన ఈ ఆలయంలో అర్చకుడు ఆ ఉపచారం పేరు పలికినప్పుడు అక్షతలతో సరిపెట్టవలసిన పని ఉండదు.

శ్రీ సిద్ధేంద్ర యోగీంద్రుల అనుగ్రహం, స్వామివారి కటాక్షం భక్తులందరిపై ప్రసరించుగాక. దాతల వంశాలు అభివృద్ధి చెందుగాక.

సర్వే జనాః సుఖినో భవంతు.