నేతగాని కుమారుడు ఆండ్రూ కార్నెగీ

ధనవంతుల చరిత్ర చదువునప్పుడు వారు ఇచ్చిన దానమునే గాక, ఆ ధనము వచ్చిన త్రోవను కూడ చూడవలెనని మేము తలంచుచున్నాము. ఇందుకు ఆండ్రూ కార్నెగీ జీవితము తగిన నిదర్శనము.

ఆయన 1835లో స్కాట్లండులోని డన్ఫర్మ్‌లైన్ పట్టణమందు చేనేత కుటుంబములో జన్మించెను. ఆవిరి మగ్గములు రాగా తండ్రి మగ్గము మూలపడెను. 1848లో ఆ కుటుంబము అప్పుచేసి అమెరికా చేరెను. బాలుడు నూలుమిల్లులో వారమునకు 1 డాలరు 20 సెంట్ల జీతమునకు కుదిరెను. తరువాత తంతివార్తలు అందించి, రైల్వే ఉద్యోగములో ఎదిగి, 1875లో పిట్స్‌బర్గు చెంత ఉక్కు కర్మాగారము తెరచెను. రైలుపట్టాల గిరాకి ఆయనను కోటీశ్వరుని చేసెను.

1892లో హోమ్‌స్టెడ్ కర్మాగారమందు జీతముల తగ్గింపుపై తగాదా పుట్టెను. కార్నెగీ తన భాగస్వామి ఫ్రిక్‌కు మద్దతు తెలిపి స్కాట్లండులో నుండెను. ఫ్రిక్ కార్మికులను లోనికి రానీయక కర్మాగారమునకు తాళము వేసి, కిరాయి కావలివారిని రప్పించెను. కాల్పులలో ఇరుపక్షముల వారును మరణించిరి. కార్మిక సంఘము చెదరిపోయెను. యంత్రము వలన కూడు పోయిన నేతగాని కుమారుడే కూలివారి మొర వినకపోయెను.

1901లో ఆయన తన పరిశ్రమను 48 కోట్ల డాలర్లకు అమ్మెను. 1919లో మరణించునాటికి సుమారు 35 కోట్ల డాలర్లు దానము చేసెను. 2,500కు పైగా గ్రంథాలయములు కట్టించెను. వేలాది దేవాలయములకు ఆర్గనులు కొనుటకు సహాయపడెను.

ఆ గ్రంథాలయములలో బీదల పిల్లలు చదువుకొనిరి; అది గొప్ప మేలు. అయినను రోజునకు 12 గంటలు కొలిమి యెదుట నిలిచిన వానికి పుస్తకము తెరచు తీరిక ఏది? కూలిలో తగ్గించినది కానుకలో తీరదు. మన సంఘములలో పనివారిని పెట్టుకొనిన వారమెల్ల దీనిని జ్ఞాపకముంచుకొందము.