మావటి కొడుకు సాబు

మన పూర్వులు బ్రతుకుతెరువు వెదుక్కుంటూ ఈ కన్నడ సీమకు వచ్చి స్థిరపడ్డారు. ఇదే సీమలో పుట్టి, పన్నెండేండ్ల ప్రాయంలో సముద్రం దాటి వెళ్ళి, ప్రపంచ చిత్రసీమలో పేరు సంపాదించిన ఒక బాలుని జీవితాన్ని ఈ ఉగాది సంచికలో చదువరులకు మనవి చేస్తున్నాము. అతడు తెలుగువాడు కాడు. ఐనా వలసపోయినవాని కష్టసుఖాలు మనకు తెలియనివి కావు గదా!

సాబు 1924 జనవరి 27న మైసూరు సంస్థానంలోని కారాపురలో జన్మించాడు. తండ్రి మహారాజావారి ఏనుగులకు మావటి. తల్లి పసితనంలోనే పోయింది. కొన్నేండ్లకు తండ్రి కూడా గతించాడు. దిక్కులేని పిల్లవాడు మహారాజావారి గజశాలలో, ఏనుగుల నడుమనే పెరిగాడు.

1935లో రాబర్ట్ ఫ్లాహర్టీ అనే అమెరికా దర్శకుడు లండన్ నిర్మాత అలెగ్జాండర్ కోర్డా తరఫున మైసూరు వచ్చాడు. కిప్లింగు వ్రాసిన మావటి కొడుకు కథను బొమ్మగా తీయాలని అతని సంకల్పం. అందుకు ఏనుగంటే జంకని పిల్లవాడు కావలసివచ్చాడు. వెదకగా వెదకగా సాబు దొరికాడు. అడవి ఏనుగులను తోలి పట్టే ఖెడ్డా దృశ్యాలను ఇక్కడి అడవుల్లోనే తీశారు. తక్కిన భాగాల కోసం సాబునూ, అతని అన్ననూ ఇంగ్లండుకు తీసుకుపోయారు. "ఎలిఫెంట్ బాయ్" 1937లో విడుదలయింది. వెనిస్ చిత్రోత్సవంలో ఉత్తమ దర్శకత్వ బహుమతి పొందింది. గజశాల పిల్లవాడు నటుడయ్యాడు.

మరుసటి ఏడు "ది డ్రమ్"లో, తెల్లదొరలకు తోడ్పడే సరిహద్దు రాకుమారుని వేషం వేశాడు. సామ్రాజ్యాన్ని పొగిడే ఆ బొమ్మపై బొంబాయిలోనూ, మద్రాసులోనూ నిరసనలు చెలరేగాయి. జనం కోపం న్యాయమైనదే. కాని పధ్నాలుగేండ్ల అనాథ బాలునికి రాజకీయాలు నేర్పేవారెవరు?

తరువాత "థీఫ్ ఆఫ్ బాగ్దాద్". ఇంగ్లండులో మొదలుపెట్టిన బొమ్మను యుద్ధం మూలాన అమెరికాలో ముగించవలసివచ్చింది. అలా సాబు హాలీవుడ్ చేరాడు. 1940లో విడుదలయిన ఆ చిత్రానికి మూడు ఆస్కార్ బహుమతులు వచ్చాయి. సీసాలోని భూతాన్ని బురిడీ కొట్టించిన దొంగపిల్లవాడు అబూను చూసినవారు మరువలేరు. 1942లో "జంగిల్ బుక్"లో మౌగ్లీ అయ్యాడు. ఆపైన యూనివర్సల్ వారి రంగుల బొమ్మల్లో మరియా మాంటెజ్ నాయిక, జాన్ హాల్ నాయకుడు. సాబుకు మాత్రం నాయకుని చెలికాని వేషమే.

1944లో అతడు అమెరికా పౌరుడయ్యాడు. అమెరికాలోని భారతీయులందరికీ ఆ అవకాశం ఇచ్చే చట్టం 1946లోగాని రాలేదు. సైన్యంలో చేరి, బీ-24 బాంబర్ విమానంలో తోక తుపాకి పట్టి పసిఫిక్ రంగంలో పోరాడాడు. శౌర్యానికి డిస్టింగ్విష్డ్ ఫ్లయింగ్ క్రాస్ పతకం లభించింది.

తిరిగివచ్చి 1947లో "బ్లాక్ నార్సిసస్"లో నటించాడు. కథ హిమాలయాల్లోది, చిత్రం తీసింది ఇంగ్లండులో. ఆ కొండలు చిత్రకారులు రంగులతో సృష్టించినవి! 1948లో వివాహమయింది, ఇద్దరు పిల్లలు కలిగారు. కాని వేషాలు తగ్గిపోయాయి. చిత్రసీమ కోరింది ఏనుగునెక్కే పిల్లవానిని. పిల్లవాడు మగవాడయ్యాక, భారతీయునికి నాయకపాత్ర ఇచ్చేవారు లేకపోయారు. ఇంగ్లండులో సర్కస్‌లో ఏనుగులతో పనిచేశాడు. ఇటలీకి వెళ్ళి డి సికాతో ఒక బొమ్మలో నటించాడు.

స్వదేశంలో ఒక తలుపు తెరుచుకోబోయింది. మెహబూబ్ ఖాన్ "మదర్ ఇండియా"లో బిర్జూ పాత్రకు అతనిని అనుకున్నాడు. సాబు బొంబాయి వచ్చి వేచి ఉన్నాడు. కాని అమెరికా పౌరుడు గనుక ఇక్కడ పనిచేయడానికి పర్మిట్ కావాలి. అది దొరకడం గగనమయింది. చివరకు పాత్ర సునీల్ దత్‌కు దక్కింది. ప్రపంచానికి భారతీయ బాలుడుగా తెలిసిన సాబు భారతీయ చిత్రం ఒక్కదానిలోనూ నటించలేదు.

1960లో అన్న అమెరికాలో దుండగుల చేతిలో హతుడయ్యాడు. 1963 డిసెంబరు 2న కాలిఫోర్నియాలో గుండెపోటుతో సాబు కన్నుమూశాడు. అప్పటికి వయస్సు 39 ఏండ్లు. చివరి చిత్రం "ఎ టైగర్ వాక్స్" మరుసటి ఏడు విడుదలయింది.

అక్కడ ఎంత సేవచేసినా అతడు భారతీయుడే. ఇక్కడికి వస్తే అమెరికావాడు. ఇక్కడ తెలుగువారమనీ, స్వగ్రామం వెళితే మైసూరువారమనీ అనిపించుకొనే మనకు ఈ బాధ కొంత తెలుసు. ఐనా మనకు రెండు చోట్లా చుట్టాలున్నారు, చేరదీసే సంఘమూ ఉన్నది. సాబుకు అన్న తప్ప ఎవరున్నారు? అందుచేత కొత్తగా ఊరికి వచ్చినవారిని, ఏ భాషవారైనా సరే, పేరుపెట్టి పలకరించి పండుగకు పిలవడం మన విధి అని మేము తలుస్తాము.

దసరాకు మైసూరులో మీ పిల్లలకు ఏనుగులను చూపేటప్పుడు, పైన కూర్చున్న మావటిని కూడా చూపండి. సాబు కథ చెప్పండి.

సోదర సోదరీమణులందరికీ ఉగాది శుభాకాంక్షలు.