పాస్నెట్టు దొరగారు

జహీరాబాదునుండి మెదకునకు బోవు బాలురు అచ్చటి దేవాలయమును జూచి ఆశ్చర్యపడుదురు. దానిని గట్టించినవారు చార్లెసు వాకరు పాస్నెట్టుగారు.

వీరు 1870లో ఇంగ్లాండున జన్మించిరి. 1895లో సికిందరాబాదు చేరి, తిరుమలగిరి దండున సైనికులకు బోధకులైరి. ఆ పనితో తృప్తినొందక, మరుసటి యేట మెదకు చేరి పల్లెల బీదలతో గలసిమెలసి యుండిరి.

మొదటి ప్రపంచయుద్ధకాలమున కరవు సంభవించెను. ఊరక అన్నము పెట్టిన బీదలకు చిన్నతనమగునని యెంచి, 1914లో ఆరంభమైన దేవాలయనిర్మాణమున వారికి పని కల్పించి గ్రాసమొసంగిరి. పదియేండ్లకు పని ముగిసి, 1924 డిసెంబరు 25వ తేదీన ప్రతిష్ఠ జరిగెను. మందిరము పొడవు 200 అడుగులు, వెడల్పు 100 అడుగులు. ఘంటాగోపురము ఎత్తు 175 అడుగులు.

1950లో పాస్నెట్టుగారు కాలధర్మము నొందిరి. గోపురమును జూచి తలయెత్తు బాలురు, ఆకలిదినములలో ఆ రాళ్లు మోసిన చేతులనుగూడ మఱవకుందురుగాక.