ఉద్యోగం కోసం ఎంతవరకు వదులుకోవచ్చు?

ఇంటర్వ్యూకి వెళ్లే ముందు మీలో ఏ లోటు బయటపడుతుందని భయపడతారు? ఎత్తా? మాటతీరా? వయసు మీద పడుతోందన్న దిగులా? ఈ మూడూ ఉండి కూడా నిలదొక్కుకున్న నటుడు హాన్స్ మోజర్. జర్మన్ భాషలో సుమారు 150 సినిమాలు చేశారు. వాటిలో చాలావరకు క్యారెక్టర్ వేషాలే.

1880లో ఆస్ట్రియా రాజధాని వియన్నాలో ఓ శిల్పి ఇంట్లో పుట్టారు. అసలు పేరు యోహాన్ జూలియర్. నాటకాల పిచ్చి ఇంట్లో నచ్చలేదు. వాణిజ్య విద్య చదివించి, తోలు సామాన్ల కంపెనీలో లెక్కలు రాసే పనిలో పెట్టారు. ఆయన మాత్రం నటన నేర్చుకోవడం మానలేదు. పాఠాలు చెప్పిన నటుడు యోసెఫ్ మోజర్ పేరునే తన పేరుకు తగిలించుకున్నారు. నెల జీతం వదిలేసి 1897లో, పదిహేడేళ్ల వయసులో స్టేజీ ఎక్కారు.

వెంటనే దశ తిరిగిందనుకుంటున్నారా? లేదు. ఎత్తు 157 సెంటీమీటర్లే కావడంతో హీరో వేషాలు దక్కలేదు. పాతికేళ్లకు పైగా చిన్న ఊళ్ల నాటక కంపెనీలు, చిల్లర వేషాలతోనే గడిచిపోయింది. మధ్యలో మొదటి ప్రపంచ యుద్ధం వచ్చి సైన్యంలోకీ వెళ్లాల్సి వచ్చింది.

అయితే ఎవరో వేషం ఇస్తారని ఆయన చేతులు కట్టుకుని కూర్చోలేదు. సామాను మోసే కూలీ మీద ఓ హాస్య ఘట్టం సొంతంగా రాసుకుని ఆడారు. పెద్ద పెట్టె ముందు నిలబడి, దాన్ని ఎలా ఎత్తాలా అని తెగ మల్లగుల్లాలు పడే కూలీ అతను. జనం పగలబడి నవ్వారు. 1920ల మధ్యలో ప్రఖ్యాత దర్శకుడు మాక్స్ రైన్‌హార్ట్ నుంచి పిలుపొచ్చింది. అప్పటికి మోజర్ వయసు నలభై దాటింది.

తర్వాత మాటల సినిమా వచ్చింది. మాటలు సగం నమిలి, సగం మింగి గొణిగే తీరే ఆయన గుర్తింపు అయింది. 1934లో ‘మాస్కరాడె’లో తోటమాలి, 1936లో ‘బుర్గ్‌థియాటర్’లో తెర వెనక నుంచి డైలాగులు అందించే మనిషి. ఇలాంటి మామూలు మనుషుల పాత్రలే ఆయన్ని ఇంటింటికీ చేర్చాయి.

అసలు పరీక్ష 1938లో ఎదురైంది. ఆస్ట్రియాను నాజీలు కలిపేసుకున్నారు. మోజర్ భార్య బ్లాంకా యూదు మహిళ. విడాకులిమ్మని ఒత్తిడి వచ్చింది. ఆయన ససేమిరా అన్నారు. భార్య కోసం హిట్లర్‌కే అర్జీ పెట్టుకున్నారు. జనాదరణ ఉన్న నటుడు కాబట్టి ప్రత్యేక అనుమతి మీద పని చేయనిచ్చారు. బ్లాంకా మాత్రం 1939లో హంగరీకి వెళ్లిపోవాల్సి వచ్చింది. కూతురు అర్జెంటీనా చేరింది. ఆయన వియన్నాలో నవ్విస్తూనే ఉన్నారు. ఆ నవ్వులు యుద్ధాన్ని మరిపించడానికి నాజీలకూ పనికొచ్చాయి. ఈ మాట దాచకుండా చెప్పుకోవాలి.

యుద్ధం ముగిశాక భార్యాభర్తలు మళ్లీ ఒక్కటయ్యారు. 1952లో, డెబ్భై దాటిన వయసులో, ‘హలో డీన్స్ట్‌మన్’ సినిమాలో మళ్లీ సామాను మోసే కూలీగా కనిపించారు. 1964లో కన్నుమూశారు.

ఓపిక పడితే అన్నీ అవే వస్తాయని ఈ జీవితం నుంచి నేర్చుకుంటే పొరపాటే. మోజర్ వృత్తి కోసం పేరు మార్చుకున్నారు, జీతం వదులుకున్నారు, ఏ చిన్న వేషమైనా కాదనలేదు. ఒక్క భార్య విషయంలోనే తల వంచలేదు. మీరూ రేపు ఆఫర్ లెటర్ మీద సంతకం పెట్టే ముందు ఒక కాగితం తీసుకోండి. ఉద్యోగం కోసం సర్దుకుపోగలిగేవి ఒక వైపు, ఎంత జీతమిచ్చినా వదులుకోలేనివి మరో వైపు రాసుకోండి. రెండో జాబితా చిన్నదే అయినా సరే, ముందే తెలిసి ఉండాలి.